తదితరులు పాల్గొన్నారు

జేబులోంచి ఫోను తీసి, జరిగింది జరిగినట్టు ఆ నిమిషంలోనే ఊరందరికీ చూపిస్తున్న తమ్ముళ్లకూ చెల్లెళ్లకూ మా కాలపు లోకల్ ఛానల్ గురించి చెబితే నవ్వు వస్తుంది. నవ్వండి. నేను కూడా నవ్వుకుంటాను. కానీ మీరు వీడియో కింద పేర్లు రాస్తున్నప్పుడల్లా ఆగమని చెప్పాలనిపిస్తుంది. ఎందుకో చెప్పడానికే ఇది రాస్తున్నాను.

మహబూబాబాద్‌లో ఒక చెప్పుల దుకాణం పైన మాకు రెండు గదులుండేవి. ఒక గది నిండా కేబుల్ యంత్రాలు, వాటి వేడి. రెండో గది మా ఆఫీసు, స్టూడియో, అన్నం తినే చోటు. మా సార్ రేడియో రిపేరు దుకాణంతో మొదలుపెట్టి, కేబుల్ వైర్లు లాగి, చివరికి ఛానల్ పెట్టాడు. మొదట్లో మధ్యాహ్నం ఒక సినిమా, పండుగలకు శుభాకాంక్షలు, పుట్టినరోజు పిల్లల ఫోటోలు, అంతే. ప్రత్యేక రాష్ట్రం కోసం ఊళ్లన్నీ రోడ్డెక్కాక సాయంత్రం ఏడు గంటలకు అరగంట వార్తలు మొదలయ్యాయి. జనగామలో ఒకరు, భూపాలపల్లిలో ఒకరు మాకు విలేకరులు. జనగామ క్యాసెట్ రైలులో వచ్చేది. భూపాలపల్లి క్యాసెట్ బస్సు డ్రైవర్ల చేతులు మారి వచ్చేది. అక్కడ గని కార్మికుల ర్యాలీ సోమవారం జరిగితే మేము బుధవారం నాడు "నిన్న" అని చదివిన సందర్భాలున్నాయి. ఎవరూ తప్పు పట్టలేదు.

చదివేది నేను. డిగ్రీ అప్పుడే అయింది. నలుగురిలో నిలబడి నా పేరు చెప్పమంటే వెనక వరుసలోకి జారుకునే మనిషిని. శాఖా గ్రంథాలయంలో మూల కుర్చీ, ఇంట్లో డైరీ, ఇవే నా లోకం. గొంతు బాగుందని ఎవరో సార్‌కు చెబితే పిలిచాడు. ముఖం చూపించకుండా ఉంటే వస్తానన్నాను. "మాకు కావల్సింది గొంతే. ముఖాలు ఊళ్లె మస్తున్నయ్" అన్నాడు. అలా ఏడాదిన్నర పాటు నా గొంతు మా కేబుల్ వెళ్లిన ఇళ్లన్నిటిలోకీ వెళ్లింది. నేను మాత్రం ఎవరికీ తెలియకుండా బజారులో కూరగాయలు కొనుక్కున్నాను.

మా వార్తల్లో అసలు వార్త చివర ఉండేది. ర్యాలీ ఎక్కడ మొదలై ఎక్కడ ముగిసిందో ఎవరికీ పట్టదు. "ఈ కార్యక్రమంలో" అని మొదలుపెట్టి, వచ్చినవాళ్ల పేర్లు చదివే చోట ఇళ్లలో టీవీ శబ్దం పెంచేవారు. ఒక్క పేరు పోతే మర్నాడు మెట్ల మీద చెప్పుల చప్పుడు.

"నిన్న దీక్ష టెంటుల పొద్దంత కూసున్న. నా పేరేది?"

"టైం సరిపోలేదన్నా."

"వాని పేరుకు టైం సరిపోయింది గద. వాడు ఫోటో దిగి పోయిండు."

మామూలుగా విలేకరులు నాలుగు పేర్లు రాసి "తదితరులు పాల్గొన్నారు" అని ముగిస్తారు. ఆ మాటంటే నాకు మంట. పట్నం ఛానళ్లలో మా మాట నవ్వించే పాత్రల నోట్లోనే వినిపించేది. మా పేర్లయితే ఎవరి నోటా వినిపించేవి కావు. ఇన్నేళ్లూ మనల్ని తదితరులుగానే చూశారు కదా, మన ఛానల్లో కూడా ఎందుకు అనుకున్నాను. కాబట్టి అందరి పేర్లూ చదివేదాన్ని. ఊరు, తండా, చదివే కాలేజీ కూడా చేర్చేదాన్ని. దానికోసం ఒక రిజిస్టర్ పెట్టాను. ఎవరు ఎలా ఉంటారు, ఏ సంఘం, ఏ ఊరు, అన్నీ అందులో రాసేదాన్ని. డైరీ రాసే అలవాటు ఆఫీసులో ఇలా పనికొచ్చిందని మురిసిపోయాను. ఆ రిజిస్టర్ చూసి సార్ జనగామ విలేకరికి ఫోనులో గొప్పగా చెప్పాడు కూడా.

ఒక ఫిబ్రవరి పొద్దున, టౌను అవతలి చిన్న స్టేషన్ దగ్గర రైలు పట్టాల మీద విద్యార్థులు కూర్చున్నారు. మా కెమెరా అన్న వెళ్లాడు. ఆయన అసలు పని పెళ్లిళ్ల వీడియోలు. ఉద్యమంలోకి కూడా పెళ్లి కెమెరాతోనే వచ్చాడు. ర్యాలీలో ఎవరైనా తన వైపు చూస్తే చేత్తో "నవ్వు" అని సైగ చేసేవాడు. మధ్యాహ్నానికి క్యాసెట్ తెచ్చాడు. నేను టీవీ ముందు రిజిస్టర్ తెరిచి కూర్చున్నాను.

బొమ్మ దూరం నుంచి తీసింది. ముఖాలు చిన్నవి. నలుగురి పేర్లు విద్యార్థి సంఘం వాళ్లు ఫోనులో చెప్పారు. నలుగురిని నడక బట్టో, తల కట్టు బట్టో నేనే గుర్తుపట్టాను. తొమ్మిదో మనిషి వీపు మాత్రమే కనిపించింది. ఆకుపచ్చ టీషర్టు, దాని మీద ఏడో నంబరు. ఆరేడు నెలల ముందు కాలేజీ గ్రౌండులో కానిస్టేబుల్ ఎంపిక కోసం పరుగు ప్రాక్టీసు చేస్తున్న యువకుల మీద ఒక వార్త చేశాను. ఎవరో దాత వాళ్లకు ఆ టీషర్టులు ఇచ్చాడు. ఏ నంబరు ఎవరిదో నా రిజిస్టర్లో ఉంది. ఏడు అంటే గూడూరు దగ్గరి ఒక తండా యువకుడు. పేజీ తిప్పాను, రాశాను. ఏడు గంటలకు నా గొంతు తొమ్మిది పేర్లనూ ఊళ్లతో సహా చదివింది. ఆ రోజు డైరీలో "ఒక్కరిని కూడా వదల్లేదు" అని రాసుకున్నాను. ఆ వాక్యం కింద గీత కూడా ఉంది.

పది రోజుల తర్వాత కేసు పెట్టారు. తొమ్మిది మంది మీద. కెమెరా అన్న పేపరు తెచ్చి నా ముందు పెట్టాడు. పేర్లు నేను చదివిన వరుసలోనే ఉన్నాయి. ఊళ్లు నేను చెప్పినట్టే ఉన్నాయి.

"గిది మన వార్తనే కదరా" అన్నాడు. నన్ను "రా" అనేవాడు, చెల్లెను పిలిచినట్టు.

సార్‌ను అడిగితే దాచలేదు. "పోలీసోళ్లు వార్తల సీడీ అడిగిన్రు, ఇచ్చిన. పెండ్లోళ్లు అడిగినా ఇస్తం, బడోళ్లు అడిగినా ఇస్తం. ఊరంత చూసిన వార్త అది, దాంట్ల దాసేదేముంది?"

నిజమే, దాచడానికి ఏమీ మిగల్చలేదు నేను.

రెండు రోజులకు మెట్ల మీద చెప్పుల చప్పుడు వినిపించింది. ఒక తల్లి, ఆమె వెనక పొడుగ్గా ఒక యువకుడు. అతన్ని గ్రౌండులో చూసిందాన్నే. ఏడో నంబరు.

"నువ్వేనా బిడ్డా, టీవీల పేర్లు సదివేది?" అంది ఆమె.

"నేనే అవ్వా."

"నా కొడుకు పేరెందుకు సదివినవ్? ఆ దినం వాడు పట్టాల కాడ లేడు. నాతోని మిర్చి చేన్ల కాయ ఏరిండు. కావాల్నంటే చేతులు చూడు, ఇంక మంట పోలేదు."

కుర్చీలోంచి లేచాను. యువకుడు తల్లితో వాళ్ల తండా భాషలో ఏదో అన్నాడు. ఆమె అదే భాషలో గట్టిగా రెండు మాటలంది. అతను నా వైపు తిరిగాడు.

"అక్కా, జర మెల్లగ. కింద ఎవలన్న వింటే బాగుండదు."

"ఎందుకు బాగుండదు?"

"మొన్న గూడూరుల నాకు దండ ఏసిన్రు. కేసు అయిన తొమ్మిది మందిని నిలబెట్టి సప్పట్లు కొట్టిన్రు. టీ కొట్టాయన పైసలు తీసుకుంటలేడు. ఇప్పుడు నేను పోనే పోలేదంటే ఏం ముఖం పెట్టుకొని తిరుగాలె?"

"దండ కట్టుకొని కొలువు చేస్తవా?" అంది తల్లి. "పరుగుల పాసైండు బిడ్డా, పరీచ్చల పాసైండు. ఇగ కాయితాలు చూసి పిలుసుడే ఉండె. కేసున్నోన్ని పోలీసు కొలువుకు తీసుకోరంట."

మరి టీషర్టు ఎవరు వేసుకున్నారని అడిగాను. అతను కిటికీ వైపు చూశాడు. తల్లిని మెట్ల దగ్గర కూర్చోబెట్టి వచ్చి, గొంతు తగ్గించి చెప్పాడు. చిన్నమ్మ కొడుకు. ఇంటర్ చదువుతున్నాడు. ప్రాక్టీసుకని అడిగితే ఇచ్చాడు. ఆ తమ్ముడు ప్రాక్టీసు మానేసి పట్టాల మీద కూర్చున్నాడు.

"నేనైతే చెప్ప. నువ్వు గూడ చెప్పకక్కా."

"చెప్పకుంటే నీ పేరెట్ల పోతది?"

"అది నువ్వే చూడాలె. సదివింది నువ్వే గద."

ఆ మాటలో కోపం లేదు. అందుకే ఎక్కువ తగిలింది. వెళ్తూ వెళ్తూ తల్లి గుమ్మం దగ్గర ఆగింది.

"నా కొడుకు పేరు తీసెయ్ బిడ్డా. ఆ జాగల ఇంకో తల్లి కొడుకును మాత్రం పెట్టకు."

ఆమెకు అంతా తెలుసని నాకు అప్పుడే అనిపించింది.

సవరణ వేద్దామని సార్‌ను అడిగాను. ఆయన కుర్చీలో వెనక్కి వాలాడు. "ఏమని ఏస్తవ్? పోలీసులకు పేర్లు పోయింది మన తాననుంచే అని మనమే దండోరా ఏసుకుంటమా? రేపు ఒక్క వైరు మిగలదు. ఊకో."

ఊకున్నాను. మూడు రోజులు. ఆ మూడు రోజుల డైరీ పేజీలు ఖాళీగా ఉన్నాయి. నా జీవితంలో అలాంటివి అవే.

నాలుగో రోజు ఆ కేసు చూస్తున్న అధికారి ఆఫీసుకే వచ్చాడు. మర్యాదస్తుడు. ఎక్కడో దూరం నుంచి బదిలీ మీద వచ్చినవాడు. టీ తాగుతూ ఒక టైపు కాగితం నా ముందుకు జరిపాడు. తొమ్మిది పేర్లు, కింద "పై వ్యక్తులు పాల్గొన్నట్టు నేను ధ్రువీకరిస్తున్నాను" అని ఒక వాక్యం, సంతకానికి చోటు. అసలు క్యాసెట్ కోసం అడిగాడు కానీ అది అప్పటికే లేదు. మా దగ్గర క్యాసెట్లు తక్కువ, ఒకదాని మీద ఒకటి తీయడం రివాజు. ఆ పట్టాల బొమ్మ మీదే కెమెరా అన్న ఆ వారమే మరిపెడలో ఒక పెళ్లి తీశాడు. మిగిలింది సీడీలో దూరపు బొమ్మ, దాని మీద నా గొంతు.

"మా ఇంట్లో కూడా నీ వార్తలు వింటారమ్మా. స్పష్టంగా చదువుతావు" అన్నాడు.

"ఇందులో ఒక పేరు తప్పు సార్" అన్నాను.

"ఏది?"

"చివరిది. టీషర్టు చూసి రాశాను. అతను అక్కడ లేడు."

"మంచిది. కొట్టేద్దాం. ఆ టీషర్టులో ఉన్నదెవరో చెప్పు, ఆ పేరు రాసుకొని మిగతా ఎనిమిదింటికి సంతకం పెట్టు. ఆ అబ్బాయి ఉద్యోగం నిలబడుతుంది. నీకూ పుణ్యం."

ఎంత సులువైన దారో. ఒక్క పేరు చెబితే ఒకరు బయటపడతారు. సార్ నా వెనక నిలబడి ఉన్నాడు. ఆయన ఊపిరి వినిపిస్తోంది. నేను కాగితం వైపే చూస్తున్నాను. ఆ టైపు అక్షరాల్లో నా రిజిస్టర్ కనిపించింది. నా అందమైన వరుస, నేను చేర్చిన తండాల పేర్లు. మన పేర్లు ఎవరూ పలకరని నేను పలికాను. ఎవరి కోసం పలికానో వాళ్ల మీదికే అవి కాగితమై తిరిగి వచ్చాయి.

"నేను అక్కడ లేను సార్. ఎవరినీ చూడలేదు. ఇక్కడ కూర్చొని రాశాను."

"చూడకుండానే చదివావా?"

"చదివాను. అది నా తప్పు. ఆ తప్పుకు సంతకం పెడతాను. పేర్లకు పెట్టను."

"ఒకటి తప్పయితే మిగతావి సరైనవే కదమ్మా."

"ఒకటి తప్పని తెలిసింది. మిగతావి సరైనవని నాకు తెలియదు."

అతను టీ కప్పు కింద పెట్టాడు. "టీషర్టు సంగతి తెలియదంటున్నావా, చెప్పనంటున్నావా?"

అబద్ధం ఆడవచ్చు. నోటి దాకా వచ్చింది కూడా. కానీ చూడనిది చూసినట్టు చెప్పినందుకే కదా ఇదంతా.

"చెప్పనంటున్నాను."

"అప్పుడు నీ మీద కూడా రాయాల్సి వస్తుంది."

"రాసుకోండి సార్. నా పేరొక్కటే నేను చూసి చెప్పగలను."

ఇంత మాట నేనే అన్నానంటే ఇప్పటికీ నమ్మకం కలగదు. ఆ రాత డైరీలో ఉంది కాబట్టి నమ్ముతున్నాను. అక్షరాలు మాత్రం కోడి కెలికినట్టున్నాయి. నా చేత్తో ఒక కాగితం రాసిచ్చాను. ఘటన చోట నేను లేను, పేర్లు కొన్ని ఇతరులు చెప్పగా, కొన్ని ఊహతో రాశాను, ఒకటి తప్పని తేలింది, మిగిలినవాటికి నేను సాక్షిని కాను. ఆయన రెండుసార్లు చదివి మడిచి జేబులో పెట్టుకున్నాడు. మెట్లు దిగుతూ సార్‌తో, "మీ అమ్మాయికి గొంతు ఒకటే ఉందనుకున్నాను" అన్నాడు. మెచ్చుకున్నాడో, బెదిరించాడో ఇప్పటికీ తేల్చుకోలేదు.

సార్ ఇంటికి వెళ్లిపోయాడు. అప్పుడు నాలుగున్నర. వార్తల రికార్డింగు ఐదింటికి.

"అన్నా, ఇవాళ కెమెరా నా మీద పెట్టు" అన్నాను.

కెమెరా అన్న నన్ను ఎగాదిగా చూశాడు. "ముఖం చూపియ్యనంటివి గద."

"గొంతు చదివితే ఎవరు చదివిన్రో తెలుస్తలేదు."

గోడకు ఒక నీలం దుప్పటి కట్టాడు. స్టూలు వేశాడు. అలవాటు కొద్దీ "కొంచెం నవ్వు" అన్నాడు, వెంటనే నాలుక కరుచుకున్నాడు. నేను కాగితం చూసే చదివాను. తల ఎత్తింది రెండుసార్లే.

"పట్టాల మీద కూర్చున్నవారని ఈ ఛానల్లో తొమ్మిది పేర్లు చదివింది నేను. నేను అక్కడ లేను. ఒక పేరు తప్పు. ఆ యువకుడు ఆ రోజు తన తల్లితో మిర్చి చేనులో ఉన్నాడు. మిగతా పేర్లు కూడా చూసి చెప్పినవి కావు. మా వార్త పట్టుకొనే కేసు పెట్టారు. ఆ తొమ్మిది ఇళ్లకూ క్షమాపణ చెబుతున్నాను. ఇకమీదట ఉద్యమ వార్తల్లో పేర్లు చదవను. ఆ రోజు పట్టాల మీద తదితరులు పాల్గొన్నారు."

ఏడు గంటలకు అది వెళ్లింది. ఏడూ ఐదుకు సార్ మెట్లెక్కి వచ్చాడు. చెప్పులు విడవడం కూడా మరిచిపోయాడు. నా వైపు చూశాడు, కెమెరా అన్న వైపు చూశాడు, యంత్రాల గది వైపు చూశాడు. ఒక్క మీట నొక్కితే ఆగిపోతుంది. నొక్కలేదు. కుర్చీ లాక్కొని మిగతా వార్తలు చివరి దాకా చూశాడు. లేచి వెళ్తూ, "పొద్దుగాల తొమ్మిదింటికి రిపీట్ ఎప్పటిలెక్కనే ఏయిండ్రి" అన్నాడు.

ఆయన చెప్పినట్టే అయింది. రెండు వాడల్లో మా వైర్లు కోసేశారు. బోర్డు మీద పేడ కొట్టారు. "పోలీసు ఛానల్" అని మెట్ల కింద ఎవరో బొగ్గుతో రాశారు. సార్ తానే నిచ్చెన వేసుకొని స్తంభాలెక్కి వైర్లు అతికించాడు. నాతో వారం దాకా మాట్లాడలేదు. ఎనిమిదో రోజు జనగామ నుంచి వచ్చిన వార్తలో ఏమరుపాటున రెండు పేర్లు మిగిలిపోతే, నా భుజం మీదుగా వంగి ఎర్ర పెన్నుతో తానే కొట్టేశాడు. మా మధ్య రాజీ అంటే అదే.

ఇంకో ముచ్చట. సంఘాల పెద్దలు కొందరికి నా మీద కోపం రైలు కేసు వల్ల రాలేదు. "పేర్లే లేకపోతే మేమొచ్చినట్టు ఎట్ల తెలుస్తది?" అని వచ్చారు. "మీరు వచ్చింది చూపించుకోడానికా?" అని కెమెరా అన్న అడిగితే, టీ తాగకుండా వెళ్లిపోయారు.

నేను రాసిచ్చిన కాగితం చాలా కాలం బల్లల మీద తిరిగింది. రెండుసార్లు నన్ను పిలిచి అవే ప్రశ్నలు అడిగారు. అవే జవాబులు చెప్పాను. నా పేరు మాత్రం ఎవరూ రాసుకోలేదు. చివరికి ఏడో నంబరు యువకుడి పేరు తీసేశారు, ఆ చోట ఎవరి పేరూ పెట్టలేకపోయారు. మిగతా ఎనిమిది మందిని ఆ కేసు ఏళ్ల తరబడి తిప్పింది. రాష్ట్రం వచ్చాక ఎత్తేశారు. వాళ్లు తిరిగిన ఆ ఏళ్లను నేను తిరిగి ఇవ్వలేను. నేను చేసింది తక్కువే. తప్పు మాత్రం పెద్దది. రెండూ డైరీలో ఉన్నాయి.

ఆ వర్షాకాలం దాటాక గూడూరులో రోడ్డు మీద వంటావార్పు పెట్టారు. నడిరోడ్డున పొయ్యిలు వెలిగించి, బండ్లు ఆపి, అక్కడే వండుకొని తినే నిరసన. చూడనిది చదవనని అనుకున్నాను కాబట్టి అప్పటికి నేనూ కెమెరా అన్నతో బండెక్కి తిరగడం మొదలుపెట్టాను. పొగలో ఒక పొయ్యి దగ్గర ఆ తల్లి కనిపించింది. నన్ను ఆమే ముందు గుర్తుపట్టింది.

"కొడుకు ట్రైనింగుకు పోయిండు బిడ్డా. ఇప్పుడు టీ కొట్టాయన పైసలు తీసుకుంటుండంట" అని నవ్వింది.

ఆమె పక్కన అన్నం గంజు దించుతున్న యువకుడు ఆకుపచ్చ టీషర్టును తిరగేసి తొడుక్కున్నాడు. నేను అతని వైపు రెండోసారి చూడలేదు.

కెమెరా అన్న తీస్తున్నాడు, ముఖాలను కాదు, పొయ్యిలను. ఆ తల్లి చేతులు కొంగుకు తుడుచుకుంటూ నా దగ్గరికి వచ్చింది.

"ఇయ్యాల నా పేరు సదువవా?"

"సదువనవ్వా."

"మరి నన్నేమంటవ్?"

"తదితరులు అంటా."

"అంటే?"

"ఇక్కడున్నోళ్లంత."

ఆమె వెనక్కి తిరిగి చూసింది. రోడ్డు మలుపు దాకా పొయ్యిలే, పొగే. అటు చివర ఎవరున్నారో కనిపించడం లేదు.

"గట్లనే సదువు" అంది. "జర గట్టిగ సదువు."